రాయి అడిగే నిప్పు

వేసవి ముదిరితే మంత్రాలయం దగ్గర తుంగభద్ర సన్నని పాయలుగా చీలి, బండరాళ్ల సందుల్లో మడుగులు కట్టి, మిగతా మేరంతా ఇసుక పరుస్తుంది. పొద్దున స్నానాలకు దిగే జనం ఆ మడుగుల కోసం చాలా దూరం నడవాలి. మొన్న అలా నడుస్తుంటే పదేళ్ల పిల్లవాడొకడు తాడు చివర కట్టిన నల్లటి బిళ్లను ఇసుకలో ఈడ్చుకుంటూ కనిపించాడు. పాత స్పీకరు పగలగొట్టి తీసిన అయస్కాంతం అది. కొన్ని అడుగులకోసారి ఆగి పైకెత్తి చూస్తాడు. దాని చుట్టూ నల్లని నూగు నిక్కబొడుచుకుని ఉంటుంది. దాన్ని వేళ్లతో దువ్వి ప్లాస్టిక్ డబ్బాలో రాల్చుకుంటాడు. నీళ్లు వెనక్కి తగ్గిన చోట ఇసుక మీద నల్లటి చారలు మీరూ చూసే ఉంటారు. తెల్ల ఇసుక తేలిక, నీటితో పాటు సాగిపోతుంది. ఈ నల్ల రేణువులు బరువు, ఉన్నచోటే కుదురుకుంటాయి. "ఏం చేస్తావురా దీంతో?" అని అడిగాను. "ఇనుము ఏరుతుండా సార్. దీంతో కొడవలి సేయొచ్చునా?" అన్నాడు. చేయొచ్చు అన్నాను. "ఎట్ల?" అన్నాడు. చెప్పబోతుంటే గట్టు మీద నుంచి ఎవరో కేకేశారు. వాడు డబ్బా తీసుకుని పరుగెత్తాడు. ఆ "ఎట్ల" మాత్రం నన్ను వదల్లేదు.

ఈ ఊరికి వచ్చినవాళ్లు రాఘవేంద్రస్వామి మఠం నుంచి మృత్తిక తీసుకుని ఇంటికి పోతారు. మట్టిలో మహిమ ఉందని నమ్మే ఊరు ఇది. నేనూ ఆ నమ్మకంలోనే పెరిగాను. కానీ మట్టిలో ఇనుము ఉందని మొట్టమొదట నమ్మినవాళ్లు ఎవరు? బంగారం సంగతి వేరు. అది రాళ్లలో, వాగు ఇసుకలో మెరుస్తూనే కనిపిస్తుంది. మనకు దగ్గర్లోని జొన్నగిరిలో ఆ మెరుపు కోసమే ఏనాడో తవ్విన గుంతలున్నాయి. రాగి రాయికైనా పచ్చటి రంగుంటుంది, ఇక్కడేదో ఉందని చెబుతుంది. ఎర్రటి ఇనుప రాయిని చూసి, నల్ల ఇసుకను చూసి, ఇందులో నాగలికి కర్రు ఉందని అనుకోవడానికి ఎలాంటి చూపు కావాలి? నాకు తెలిసినంతలో దీనికి జవాబు లేదు. ఆ చూపు మన దక్షిణాదిలో మూడు వేల ఏళ్ల కిందటికే ఉందని మాత్రం తెలుసు. జనం రాకాసి గుళ్లనే పాతకాలపు సమాధులను తవ్వితే ఎముకల పక్కనే కొడవళ్లు, బాణపు ములుకులు, బల్లెపు మొనలు బయటపడ్డాయి. పోయినవాళ్లకు తోడుగా ఇనుమునే పంపారంటే అది వాళ్లకు ఎంత విలువైనదో!

రాయిలో ఇనుము ఒంటరిగా ఉండదు. ప్రాణవాయువుతో కలిసి ఉంటుంది. మన ఇంట్లో కొడవలికి పట్టే తుప్పు, సండూరు కొండల ఎర్రరాయి ఒకే కుటుంబం. తడి తగిలితే చాలు, ఇనుము తిరిగి ఆ ప్రాణవాయువునే వెతుక్కుంటుంది. కాబట్టి రాయిలోంచి ఇనుము తీయడమంటే ప్రాణవాయువుకు ఇనుముకంటే ఇష్టమైన తోడును చూపించాలి. ఆ తోడు బొగ్గు. గాలి చాలీచాలకుండా బొగ్గు మండినప్పుడు పుట్టే వాయువు రాయిలోని ప్రాణవాయువును లాక్కుని పొగగొట్టం దారి పడుతుంది. ఎనిమిది వందల డిగ్రీలు దాటాక ఈ పని జోరందుకుంటుంది. ఇనుము మాత్రం కరగదు. దానికి 1538 డిగ్రీల వేడి కావాలి. మేకతోలు తిత్తులతో ఊదే మట్టి కొలిమి పన్నెండు వందలకు అటూ ఇటూ వెళ్లగలిగేది. ఆ వేడిలో రాయిలోని ఇసుక, మట్టి, కొంత ఇనుమును వెంటబెట్టుకుని కరిగి చిట్టెంగా కారిపోతాయి. ఇనుము కరగకుండానే, రేణువు రేణువును అంటుకుని, తేనెపట్టులా బొరియలు బొరియలుగా ఒక ముద్దయి అడుగున కూర్చుంటుంది. ఇది తెలుసుకున్న రోజు నేను చాలాసేపు దాని గురించే ఆలోచించాను. లోహం తీయడమంటే కరిగించి పోయడమని మనందరికీ ఒక బొమ్మ మనసులో ఉంటుంది. మన పల్లె కొలిమిలో కరిగింది ఇనుము కాదు, ఇనుము కానిది.

ఆ కొలిమిని ఊహించుకుంటాను. ఛాతీ ఎత్తు మట్టి గోపురం. అడుగున తిత్తి గొట్టం దూర్చడానికి ఒక కంత, చిట్టెం వదలడానికి ఇంకొకటి. ముందు వట్టి బొగ్గు పోసి రాజేస్తారు. తర్వాత పైనుంచి ఒక గంప బొగ్గు, కొంత రాతిపొడి, మళ్లీ బొగ్గు, మళ్లీ పొడి. వాగుల్లో కొట్టుకొచ్చిన నల్ల ఇసుకను కడిగి పోసే అలవాటూ ఉండేది. 1800 ప్రాంతంలో మైసూరు సీమ తిరిగిన ఫ్రాన్సిస్ బుకానన్ అలాంటి కొలుములను చూసి రాసిపెట్టాడు. ఇద్దరు మనుషులు తిత్తుల దగ్గర వంతులేసుకుని తొక్కుతూనో నొక్కుతూనో ఉండాలి. గాలి ఆగితే అంతా వృథా. వేడిని కొలిచే పరికరమేదీ లేదు. మంట రంగు, కొలిమి చప్పుడు, కంతలోంచి కారే చిట్టెం చిక్కదనం, అంతే. పని అయ్యాక కొలిమి ముందుభాగం పగలగొట్టి ఆ ముద్దను పటకార్లతో బయటికి లాగి, ఎర్రగా ఉండగానే సమ్మెటలతో బాదాలి. ఒక్కో దెబ్బకూ లోపల చిక్కుకున్న చిట్టెం నిప్పురవ్వలై ఎగురుతుంది. బాదగా బాదగా మిగిలిందే ఇనుము. ఇందులో ఎవరి చేతికి ఎక్కువ విద్య ఉందో చెప్పగలమా? రాయి ఏరిన ఆడమనిషికా, బొగ్గు కాల్చినవాడికా, మంట రంగు చూసినవాడికా? వీళ్లలో ఒక్కరి పేరూ మనకు దక్కలేదు. అది నన్ను బాధిస్తుంది. రాజుల దానశాసనాలు చదివి పెట్టుకున్నాం. ఆ శాసనాలు చెక్కిన ఉలి ఎవరి కొలిమిలో పుట్టిందో ఏ బండ మీదా లేదు.

నా చిన్నప్పటికే రాయి కాల్చే కొలుములు మా వైపు లేవు. ఉన్నది కమ్మరి కొలిమి ఒక్కటే. తొలకరికి ముందు మా నాయన మడక కర్రు భుజాన వేసుకుని పోతుంటే వెంట నేనూ పోయేవాణ్ణి. ఆ కమ్మరి పెద్దాయన ఆయగాడు, కళ్లంలో గింజలు కొలిచి ఇచ్చేవాళ్లు. "ఏం సామీ, ఈయేడన్నా వాన పడతాదంటావా?" అని మా నాయననే అడుగుతూ కర్రును నిప్పుల్లో దూర్చేవాడు. ఎరుపు, నారింజ, ఆ పైన పసుపు. పసుపు తెల్లబడకముందే తీసేవాడు. నీళ్ల తొట్టిలో ముంచినప్పుడు లేచే ఆవిరి వాసన ఇప్పటికీ గుర్తుంది. కొలిమి వెనక నల్లగా, గాజు మెరుపుతో గడ్డలు పడి ఉండేవి. మా జేజి అప్పుడప్పుడూ ఒకటి తెమ్మనేది. ఇనుప చిట్టెం ఎంత పాతదైతే అంత మంచిదని, దాన్నే పుటం పెట్టి మండూర భస్మం చేస్తారని, రక్తం తక్కువై పాలిపోయినవాళ్లకు అది మందని నాకు తర్వాత ఆయుర్వేదం చదివినవాళ్లు చెప్పారు. కొలిమి వదిలేసిన చెత్తలో కూడా మనిషికి కావలసిన ఇనుము ఉందని కనిపెట్టినవాళ్లు, చిట్టెంలోకి ఎంతో కొంత ఇనుము పోతుందని ఎరిగినవాళ్లే అయి ఉండాలి. ఇప్పుడా కొలుముల్లో తిత్తి బదులు కరెంటు బ్లోయరు, బొగ్గు బదులు రాక్షసిబొగ్గు, ఇనుము బదులు పాత లారీ కమాన్ పట్టీ. ఆ పట్టీతో చేసిన కొడవలి బాగానే తెగుతుంది. దాన్ని తక్కువ చేయను.

చిట్టెం అనగానే నది అవతలి ఊరొకటి గుర్తొస్తుంది. పాలమూరు వైపు ఉట్నూరు దగ్గర, ఇటు బళ్లారి చుట్టుపక్కల, బూడిద దిబ్బలున్నాయి. వాటిలో గాజులా కరిగి గట్టిపడిన గడ్డలు దొరుకుతాయి. ఏదో అగ్నిపర్వతం బూడిద అని కొందరు, పాత కొలుముల చిట్టెం అని కొందరు దొరలు చాలాకాలం వాదించుకున్నారు. అది ఆవుపేడ కాలిన బూడిద అని భూగర్భ శాస్త్రవేత్త రాబర్ట్ బ్రూస్ ఫుట్ గుర్తించాడు. 1957లో పురావస్తు శాస్త్రవేత్త ఆల్చిన్ ఉట్నూరు దిబ్బను తవ్వి, నాలుగు వేల ఏళ్లకు పైబడిన పశువుల దొడ్లు అవి అని తేల్చాడు. ఇనుము తెలియని కాలమది. అయినా పేడకుప్పలను తగలబెట్టి, బూడిదనే గాజుగా కరిగించేటంత వేడిని వాళ్లు చూశారు. నిప్పు ఎంత దూరం పోగలదో తెలిసిన నేల ఇది. రాయిని ఆ నిప్పులో పెట్టి చూడాలన్న ఆలోచన ఇలాంటి దిబ్బల పక్కనే ఎవరికో తట్టిందేమో! ఇది నా ఊహ మాత్రమే, కానీ వదులుకోబుద్ధి కాని ఊహ.

మన తెలుగు కొలుముల పేరు ప్రపంచంలో మోగింది ఉక్కుతో. ఇప్పటి నిజామాబాదు వైపు కోనసముద్రంలో మట్టి మూసల్లో ఇనుప ముక్కలు పెట్టి, మూతికి మట్టి మెత్తి, ఒక పగలూ ఒక రాత్రీ కొలిమిలో కాల్చేవారు. 1820ల్లో అక్కడికి వెళ్లిన హెన్రీ వాయిసీ అనే వైద్యుడు ఆ పనిని చూసి రాసుకున్న వివరం ఆయన పోయాక, 1832లో అచ్చయింది. ఇస్ఫహాన్ నుంచి వచ్చిన వర్తకుడొకడు ఆ పల్లెలో కూర్చుని, తన కళ్లముందే తయారైన ఉక్కును కొనుక్కుపోవడం ఆయన చూశాడు. డమాస్కస్ కత్తులని లోకం పొగిడిన వాటిలో ఇలాంటి దక్షిణాది ఉక్కు ఉంది. లండన్‌లో మైకేల్ ఫారడే అంతటివాడు 1819 నుంచి దీని గుట్టు పట్టాలని కూర్చున్నాడు. సేలం వైపు మూసల్లో ఇనుముతో పాటు ఏం వేసేవారో హీత్ దొర 1839లో రాశాడు. తంగేడు కట్టె, జిల్లేడు ఆకులు! ఆ పేర్లు చదివినప్పుడు నాకు కలిగిన సంతోషం చెప్పలేను. మంత్రాలయం నుంచి ఎమ్మిగనూరు పోయే దారి పొడవునా ఇవే కదా. మేకలు కూడా ముట్టని జిల్లేడు, ఏ వానా లేకున్నా పసుపుపచ్చగా పూసే తంగేడు. మూసిన మూసలో అవి కాలి, వాటిలోని బొగ్గు ఇనుములోకి ఇంకుతుంది. నూటికి ఒకటిన్నర పాళ్లు ఇంకితే చాలు, కరగనని మొండికేసిన ఇనుము కరుగుతుంది, చల్లారాక ఉక్కవుతుంది. ఎండకు ఓర్చుకున్న మొక్కే ఇనుముకు ఆ గట్టిదనం ఇచ్చింది.

ఇక్కడే నాకొక శంక మొదలైంది. ఇంతసేపూ రాయి గురించి, కొలిమి గురించి గర్వంగా తలుచుకున్నాను. బొగ్గు ఎక్కడి నుంచి వచ్చింది? ఒక కిలో మంచి ఇనుము చేతికి రావాలంటే పాత కొలిమిలో సుమారు పది కిలోల బొగ్గు, ఒక్కోసారి ఇంకా ఎక్కువ, కాలేది. ఒక కిలో బొగ్గుకు ఐదారు కిలోల కట్టె. అంటే ఒక్క గడ్డపార వెనక ఒక బండెడు చెట్టు ఉంది. వేల ఏళ్ల పాటు వేల కొలుములు. రాయి ఎప్పుడూ తక్కువ కాలేదు. సండూరు కొండలు అప్పుడూ ఉన్నాయి, ఇప్పుడూ ఉన్నాయి. వెల్దుర్తి, రామళ్లకోట దగ్గర రాయి ఇప్పటికీ తవ్వుతున్నారు. తరిగింది అడవి. మా ఆదోని, మంత్రాలయం మధ్య ఈ బోడిగుట్టలను చూసినప్పుడల్లా, నేను మెచ్చుకునే ఆ కొలుములే వీటిని తినేశాయా అని అడుగుతాను. నేరమంతా వాటిదే అనలేను. వాన తక్కువ నేల, సున్నపు బట్టీలు, మేకల మందలు, ఇంటింటి పొయ్యి అన్నీ ఉన్నాయి. 1871లో మద్రాసు రైలు మన పక్కనుంచే తుంగభద్ర దాటి రాయచూరు చేరింది. తొలినాళ్లలో ఆ రైలింజన్లు కూడా కట్టెలే కాల్చాయి. అదే రైలు విదేశీ ఇనుమును చవగ్గా ప్రతి స్టేషన్లో దించింది. వెనకే 1876-78 కరవు వచ్చి కర్నూలు, బళ్లారి పల్లెలను ఖాళీ చేసింది. 1882లో మద్రాసు అటవీ చట్టం వచ్చాక బొగ్గు కాల్చడానికి అడవిలోకి పోవడమే కష్టమైంది. పదిపన్నెండేళ్లలో ఇన్ని దెబ్బలు తగిలితే ఏ విద్య నిలుస్తుంది? కొలుములు ఆరిపోయినందుకు ఏడవాలి. ఆరకపోతే మిగిలిన ఆ నాలుగు చెట్లూ ఉండేవా అని అనుమానమూ పడాలి. నేను రెండూ చేస్తాను. ఈ రెంటినీ కలిపే మాట నాకు దొరకలేదు.

ఇంగ్లండులో ఈ చిక్కును 1709లో అబ్రహాం డార్బీ ఒక దారికి తెచ్చాడు. కట్టెబొగ్గు బదులు రాక్షసిబొగ్గును కాల్చి చేసిన కోకును కొలిమిలో వేశాడు. అడవికి బదులు పాతాళాన్ని తవ్వడం మొదలైంది. మన విశాఖ ఉక్కు కొలుములు, గోదావరి, కృష్ణా, అన్నపూర్ణ అని నదుల పేరూ అమ్మవారి పేరూ పెట్టుకున్న ఆ మహా కొలుములు, అదే నిప్పు మీద నడుస్తాయి. మాకు దగ్గర్లో బళ్లారి దాటాక తోరణగల్లులో రాత్రి ఆకాశం ఎర్రబడేదీ ఆ నిప్పుతోనే. ఇక్కడ ఇనుము కరిగి నీళ్లలా పారుతుంది, ఎందుకంటే అందులో నూటికి నాలుగు పాళ్ల బొగ్గు కలిసిపోతుంది. పాత కమ్మరి చూస్తే ఆశ్చర్యపోయేవాడు. ఆ కోకుకు పనికొచ్చే మంచి బొగ్గులో ఎక్కువ భాగం ఓడల మీద దిగుమతి చేసుకుంటున్నాం. కొండ మనది, నిప్పు వేరేవాళ్లది. ఆ మధ్య కొంతకాలం కొండను కూడా ఓడలెక్కించాం. ఓబుళాపురం, బళ్లారి చుట్టూ లారీలు ఎర్రదుమ్ము రేపుకుంటూ పోయిన రోజులు ఈ ప్రాంతం మరిచిపోలేదు. బళ్లారిలో తవ్వకాలు ఆపమని 2011లో సుప్రీంకోర్టు చెప్పాల్సి వచ్చింది. పత్తి పూల మీద, మిరప ఆకుల మీద ఆ దుమ్ము కూర్చున్న రైతులకు ఇనుమంటే ఏమిటో ఏ పుస్తకం చెప్పనక్కర్లేదు.

ఇనుమును ఇక్కడే ఉక్కు చేసుకోవాలన్న ఆశ కూడా ఉంది. కడప జిల్లా జమ్మలమడుగు పక్కన ఉక్కు కర్మాగారం కోసం 2007లో ఒక శంకుస్థాపన జరిగింది. రాష్ట్ర విభజన చట్టంలో 2014లో దాని ప్రస్తావన వచ్చింది. 2018లో కంబాలదిన్నె దగ్గర, 2019లో సున్నపురాళ్లపల్లె దగ్గర, 2023లో మళ్లీ అక్కడే పునాదిరాళ్లు వేశారు. ఇన్నేళ్లుగా ఆ రాళ్ల చుట్టూ పిల్లలు పెద్దవాళ్లై ఉద్యోగాల కోసం బెంగుళూరు పోయారు. కర్మాగారం రావాలని నేను మనస్ఫూర్తిగా కోరుకుంటాను. అయితే అది ఏం కాలుస్తుంది అన్న ప్రశ్న అడిగేవాళ్లు తక్కువ. రాయి ఎక్కడిది, నీళ్లెక్కడివి, భూమి ఎన్ని ఎకరాలు, అన్నీ అడుగుతారు. నిప్పు సంగతి అడగరు. వేల ఏళ్లుగా ఇనుము మనుషులను అడుగుతున్నది ఆ ఒక్కటే కదా?

ఈ నిప్పు ప్రశ్నకు ఒక దారి కనిపించే చోటు చెబుతాను. కర్నూలు జిల్లా నుంచి ఇప్పుడు నంద్యాల జిల్లాకు మారిన గడివేముల మండలంలో గని అనే ఊరుంది. ఆ చుట్టుపక్కల పాతకాలపు రాగి తవ్వకాల గుర్తులున్నాయి. రాయిలోంచి లోహం తీయడం తెలిసిన కొండలవి. అదే గని, పక్కనే శకునాల పొలాల్లో సుమారు ఆరు వేల ఎకరాల మీద సౌర ఫలకాలు పరిచారు. 2017 నాటికి వెయ్యి మెగావాట్ల కరెంటు అక్కడి నుంచి పుట్టింది. నాకు ఆశ కలిగింది ఇక్కడే. ప్రాణవాయువును లాక్కోవడానికి బొగ్గే కానక్కర్లేదు, హైడ్రోజన్ కూడా ఆ పని చేస్తుంది. స్వీడన్‌లో 2021లో అలా తీసిన ఇనుముతో ఉక్కు చేసి చూపించారు. అక్కడ కూడా ఇనుము కరగదు, మన పాత కొలిమిలో లాగే గట్టిగా ఉండగానే రాయి నుంచి విడిపోతుంది. పొగ బదులు నీటి ఆవిరి వస్తుంది. హైడ్రోజన్‌ను నీళ్లలోంచి కరెంటుతో తీయాలి. టన్ను ఇనుముకు సుమారు మూడు వేల యూనిట్లు కావాలి, అది చిన్న లెక్క కాదు, ఖర్చూ ఇప్పటికి ఎక్కువే. రాత్రిపూట ఎండ ఉండదు. ఇవన్నీ తెలిసే అంటున్నాను. ఎండను ఇంతకాలం శాపంగా మోసిన సీమలో, ఆ ఎండనే కొలిమికి పెట్టే రోజు గురించి కనీసం మాట్లాడుకోవాలి.

సీమవాడు ముందుగా అడిగేది నీళ్ల గురించి, అది న్యాయం. టన్ను ఇనుముకు కావలసిన హైడ్రోజన్ సుమారు 54 కిలోలు. దాన్ని ఇవ్వడానికి విడగొట్టాల్సిన నీళ్లు ఐదు వందల లీటర్ల లోపే. కర్మాగారంలో చల్లార్చడానికి, కడగడానికి పట్టే నీళ్లు వేరు, వాటి లెక్క గట్టిగా అడిగి తెలుసుకోవాలి. ఈ ఐదు వందల లీటర్లు మాత్రం రాయిలోని ప్రాణవాయువుతో కలిసి మళ్లీ నీళ్లై బయటికి వస్తాయి, పట్టుకుంటే తిరిగి వాడుకోవచ్చు. సున్నపురాళ్లపల్లె పునాదిరాయి దగ్గర ఈ లెక్కను ఆ ఊరి రైతుల ముందు పెట్టి, వాళ్ల ప్రశ్నలు వినే సభ ఒకటి జరగాలి. అక్కడ మైకు ముందుగా దగ్గర్లోని మైలవరం జలాశయం కింద మడి చేసుకునేవాళ్ల చేతికి ఇవ్వాలి.